ఒగ్గేసిన గీత

రజతోత్సవ సంచికకి
మన కాలేజీలో చదివి పేరు తెచ్చుకున్నవాళ్ల జాబితా కావాలన్నారు
సెక్రటరీ రథ్ బాబు.
ఇరవై నాలుగు పేర్లు. అంతకు మించితే పేజీ పట్టదు.
ఫొటోలు కోటు మీదే ఉండాలి.

పర్లాకిమిడిలో, బియ్యం గొడౌను మీది అంతస్తులో,
సాయంత్రం ఆరింటికి మొదలయ్యే లా కాలేజీ.
నేనే గుమాస్తాని, గంట కొట్టేదీ నేనే,
కరెంటు పోతే పెట్రోమాక్సు వెలిగించేదీ నేనే.
ఒప్పంద చట్టం చెబుతుంటే
కిందనుంచి ఊక వాసన వచ్చేది.
చట్టమంటే నాకిప్పటికీ ఆ వాసనే.

రాస్తున్నాను.
హైకోర్టు జడ్జీ ఒకాయన.
హాజరు పట్టీలో ఆయన సంతకాలు
నాకు బాగా తెలిసిన చేతిరాత. నాదే.
ఎమ్మెల్యే ఒకాయన,
సాక్ష్య చట్టం రెండుసార్లు తప్పి
మూడోసారి కిటికీ పక్క సీటు అడిగినాయన.
బరంపురం నుంచి పెద్ద క్రిమినల్ లాయరు
ఫొటో వెనక రాసి పంపాడు:
నవ్వు కొంచెం తగ్గించి అచ్చు వేయగలరు.

పాత ఫైలు కోసం బీరువాలో చెయ్యి పెడితే
కవరొకటి తగిలింది.
దుప్పల తవిటమ్మ. పట్టా. అసలుది.
బాకీ మూడువందల నలభై, ఎర్ర సిరాతో.
అదీ నా రాతే.

హాజరు పిలిచినప్పుడల్లా
ఆ పేరు దగ్గర ఒడియా మేష్టరు తడబడేవారు,
వెనక బెంచీలు నవ్వేవి.
"బతకాలని నన్ను తవుడిచ్చి కొన్నారు సార్,
చవగ్గా వచ్చినదాన్ని,
ఫీజు కూడా చవగ్గా తీసుకోండి" అనేది.

కాశీనగరం దగ్గర ఒక ముసలామె భూమి దావా.
బోనులో నిలబడి ఆమె అన్నది ఒక్కటే మాట:
"నా పెనిమిటి ఆ సెక్క ఒగ్గేసినాడు బాబూ."
దుబాసీ ఒడియాలో చెప్పాడు, హక్కు వదులుకున్నాడని.
టైపు మిషను టకటకమంది.
ముప్పై సెంట్లు అవతలివాడి వైపు నడవడం మొదలెట్టాయి.

తవిటమ్మ లేచింది.
కోటు అద్దెది, భుజాలు జారుతున్నాయి.
"హుజూర్, గేదెని మేతకి ఒగ్గేస్తాం,
సందేళకి అది మా శాలకే వస్తాది.
ఆ ఏడు వాన లేదు. ఆయన నేలని బీడు ఒగ్గేసినాడు."

మధ్యాహ్నం దాకా ఒక్క క్రియ మీదే వాదన.
నిఘంటువు తెప్పించారు, అందులో ఆ మాటే లేదు.
చివరికి జడ్జీగారు తలుపు దగ్గరి బంట్రోతు వైపు తిరిగి
నువ్వు తెలుగువాడివే కదా, చెప్పు, అన్నారు.
అతను వణికిపోతూ,
"చెప్పులు బయట ఒగ్గేసి వచ్చినాను హుజూర్,
అవి నావే."

ఆ తీర్పు ఏ లా రిపోర్టుకీ ఎక్కలేదు.
ముసలామె ఫీజు కింద రెండు కుంచాల చోడులిచ్చింది.
అందులో ఒక కుంచం నాకు తెచ్చి
బాకీలో జమ కట్టుకోమంది తవిటమ్మ.
మా రిజిస్టరులో చోడులకి గడి లేదు.
అంబలి కాచుకుని తాగేశాం, నేనూ మా ఇంటిదీ.

ఆ తర్వాత సంగతి సగమే తెలుసు.
గుణుపురంలో దస్తావేజులు రాస్తోందని ఒకరు,
కాదు, రాయగడలో ఎవరికో జూనియరని ఇంకొకరు.
ఫోన్ నెంబరు ఎవరి దగ్గరా లేదు.

"ఎవరామె? హోదా ఏంటి?" అన్నారు రథ్ బాబు.
హోదా గడిలో ఏం రాయను?
ఒక మాటకి అర్థం నిలబెట్టిందని రాస్తే
ప్రెస్సువాడు అచ్చుతప్పనుకుంటాడు.

ఇరవై మూడు పేర్లు పంపాను.
ప్రూఫు వచ్చింది. చివరి గీత మీద ఏమీ లేదు.
"ఇది వదిలేశావేం?"
వదల్లేదు బాబూ, ఒగ్గేసినాను, అన్నాను.
ఆయనకి అర్థం కాలేదు. వక్కపొడి నమిలి వెళ్లిపోయారు.

ఆ సాయంత్రం మూడువందల నలభై నా జేబులోంచి తీసి
రసీదు రాశాను, ఎర్ర గీత కొట్టేశాను.
పట్టా ఇంకా బీరువాలోనే ఉంది.
పుచ్చుకున్నవారి సంతకం అన్నచోట
ఈసారి నేను పెట్టలేదు.